ఇంటి కుక్కకు చదువు – 4వ పాఠం: మనుషుల మీదికి ఎగబడే కుక్క

గత మూడు పాఠాల్లో పేరు పిలిస్తే తల తిప్పడం, ‘భేష్’ అన్న మాట వినబడితే తాయిలం వస్తుందని గ్రహించడం, ‘కూర్చో’ అంటే కూర్చోవడం నేర్పాం. ఆ ‘కూర్చో’ హాల్లోనూ, వంటింటి గుమ్మం దగ్గరా, బాల్కనీలోనూ పదింట ఎనిమిదిసార్లు కుదురుతుంటేనే ఈ పాఠంలోకి రండి. కుదరకపోతే ఇంకో వారం అక్కడే ఉండండి. కుక్కకు ఏడాది పరీక్షలేమీ లేవు.

ముందుగా ఒక సందేహం తీర్చుకుందాం. బెంగళూరులో నేను చూసిన తెలుగువారి ఇళ్లలో చాలా కుక్కలు సంకర జాతివే. తల్లి వీధి కుక్క, తండ్రి ఎవరింటి లాబ్రడారో. లేదంటే బొచ్చు పొమేరియన్‌ది, కాళ్లు మాత్రం ఎవరి పోలికో చెప్పలేం. అది మాట వినకపోతే చాలు, ‘అసలు జాతి కుక్క అయితే ఈపాటికి నేర్చుకునేదండీ’ అంటారు. 2022లో ‘సైన్స్’ పత్రికలో వచ్చిన ఒక పెద్ద అధ్యయనం ఈ నమ్మకాన్ని బాగా కదిలించింది. 18 వేలకు పైగా కుక్కల గురించి యజమానులను అడిగి, రెండు వేలకు పైగా కుక్కల జన్యువులను పరిశీలించారు. వాటిలో సంకర జాతివి చాలానే ఉన్నాయి. కుక్కకూ కుక్కకూ ప్రవర్తనలో కనిపించే తేడాల్లో జాతి వల్ల వచ్చేది సుమారు 9 శాతమేనని తేలింది. మనిషి చెప్పింది వినే గుణం వంటి కొన్నింటిలో జాతి పాత్ర కాస్త ఎక్కువే, కాదనను. కానీ మీ కుక్క గుమ్మంలో అతిథుల మీదికి ఎగరడానికి కారణాన్ని దాని రక్తంలో వెతకనక్కర్లేదు. అది మీ ఇంట్లోనే, మీ అందరి చేతుల్లోనే ఉంది.

కుక్కపిల్ల పెద్ద కుక్క మూతి దగ్గరికి వెళ్లి వాసన చూసి పలకరిస్తుంది. మన మూతి ఎత్తులో ఉంటుంది కాబట్టి ఎగురుతుంది. అయిదు కిలోల పిల్లగా ఉన్నప్పుడు అలా ఎగిరితే ఇంటిల్లిపాదీ నవ్వి ఎత్తుకున్నారు. ఇరవై కిలోలయ్యాక అదే పని చేస్తే ‘ఛీ, దిగు!’ అని రెండు చేతులతో నెడుతున్నారు. నియమం మారిందని దానికి ఎవరూ చెప్పలేదు. పైగా అరుపూ, తోపూ కూడా దానికి పలకరింపే. పొద్దుటినుంచి లాప్‌టాప్ ముందు కూర్చున్న మనిషి ఒక్కసారిగా లేచి, కళ్లలోకి చూసి, చేతులతో తాకి మాట్లాడుతున్నాడు. అంతకంటే ఏం కావాలి?

కుండలహళ్లిలో ఒక ఇల్లు చెబుతాను. భార్యాభర్తలిద్దరూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు, అయిదో తరగతి చదివే బాబు, ఒంగోలు నుంచి వచ్చి ఉంటున్న అమ్మమ్మగారు. కుక్క పేరు గోధుమ. సగం వీధి కుక్క, సగం లాబ్రడార్. దంపతులు శ్రద్ధగానే నేర్పుతున్నారు, అయినా ఎగబడటం తగ్గలేదు. ఒక సాయంత్రం దివాన్ మీద కూర్చున్న అమ్మమ్మగారి మోకాళ్ల మీద గోధుమ ముందుకాళ్లు పెట్టింది. ఆవిడ పళ్లెంలోని చపాతీ ముక్క తుంచి, చేతిని చీర కుచ్చెళ్ల పక్కకు జార్చింది.

‘‘రోజూ పెట్టను బాబూ, ఎప్పుడో ఒకసారి. పాపం, అలా చూస్తుంటే ఎలా తినమంటారు?’’

ఆ ‘ఎప్పుడో ఒకసారి’ దగ్గరే చిక్కంతా ఉంది. ప్రతిసారీ గింజ పడే మీట కంటే, ఎప్పుడో ఒకప్పుడు గింజ పడే మీటనే పావురాలు పట్టు వదలకుండా పొడుస్తాయని, గింజలు పూర్తిగా ఆపేశాక కూడా చాలాసేపు పొడుస్తూనే ఉంటాయని మనస్తత్వ శాస్త్రవేత్త స్కిన్నర్ ప్రయోగాలు చూపించాయి. లాటరీ టికెట్లు కొనేవాడి ఆశ కూడా ఇలాంటిదే. ఇంట్లో నలుగురిలో ముగ్గురు గట్టిగా ఉండి, ఒక్కరు వారానికోసారి మెత్తబడితే చాలు, అందరూ రోజూ పెట్టే ఇంటి కంటే అక్కడ ఆ అలవాటు ఎక్కువ గట్టిపడుతుంది.

అలాగని పెద్దావిడను పెట్టవద్దనడం నాకు ఇష్టం లేదు, చెప్పినా జరగదు. పెట్టే క్షణాన్ని మాత్రం మార్చాం. చపాతీకి బదులు ఉడికించిన కోడిమాంసం శనగగింజంత ముక్కలు చేసి ఒక చిన్న డబ్బాలో వేసి ఆవిడ పక్కన ఉంచాం. షరతు ఒక్కటే: నాలుగు కాళ్లూ నేల మీద ఉన్నప్పుడే. గోధుమ ఎప్పటిలాగే కాళ్లు పైకి పెట్టబోయింది. ఆవిడ డబ్బా మూసి కిటికీ వైపు తిరిగింది. అది మూలిగింది, పాదంతో మోకాలిని గీకింది, ఒకసారి మొరిగింది. ఆవిడ కదల్లేదు. చివరికి వెనక్కి తగ్గి, కూర్చుందో లేదో తెలియనట్టు సగం వంగింది. ‘‘భేష్’’ అంది ఆవిడ, ముక్కను నేల మీద పడేసింది. రోజంతా ఇంట్లో ఉండేది ఆవిడే. కొద్దిరోజులకే ఆ ఇంటికి అసలు మాస్టారు ఆవిడే అయింది.

ముక్కను నేల మీద వేయడం గమనించారా? చేతిలో పట్టుకుని పైనుంచి ఇస్తే కుక్క ముక్కు పైకి లేస్తుంది, దాని వెంటే ముందుకాళ్లూ లేస్తాయి. నేల మీద వేస్తే ముక్కు కిందికి పోతుంది. ముక్కు నేలకు ఆనించి ఎగరడం ఏ కుక్కకూ చేతకాదు.

ఇక పద్ధతి. కుక్క లీష్‌ను సోఫా కాలికి కట్టండి. ఇంట్లోవాళ్లలో ఒకరు బయటికి వెళ్లి లోపలికి రండి. నాలుగు కాళ్లూ నేల మీద ఉంటే ‘భేష్’, ముక్క నేల మీదికి. ఎగిరితే మాట లేదు, చేయి లేదు, చూపు లేదు. వెనుదిరిగి రెండడుగులు దూరం జరగండి. కాళ్లు కిందికి దిగి రెండు సెకన్లు నిలిచాక మళ్లీ దగ్గరికి రండి. ఒక విడత అయిదు నిమిషాలు, అంతే. ఆకలి మీద ఉన్నప్పుడు, అంటే సాయంత్రం అన్నం పెట్టేముందు చేస్తే ఫలితం బాగుంటుంది.

రెండు మూడు రోజుల్లో పరిస్థితి విషమించినట్టు కనిపిస్తుంది. ఇన్నాళ్లూ పనిచేసిన ఎత్తుగడ పనిచేయకపోతే కుక్క దాన్నే రెట్టింపు చేసి చూస్తుంది. ఇంకా ఎత్తుకు ఎగురుతుంది, బట్ట పట్టి లాగుతుంది, మొరుగుతుంది. ‘ఈ పద్ధతి మా కుక్కకు పనికిరాదండీ’ అని నాకు ఫోన్లు వచ్చేది సరిగ్గా అప్పుడే. ఆ దశలో లొంగితే, గట్టిగా ఎగిరితేనే పని జరుగుతుందని మీరే నేర్పినట్టవుతుంది. పాత చొక్కా వేసుకుని ఆ రోజులు గట్టెక్కండి.

అప్పుడే పక్క ఫ్లాటువాళ్లు సలహాలిస్తారు: మోకాలితో రొమ్ము మీద పొడవండి, వెనకకాలి వేళ్లు తొక్కండి, వెల్లకిలా పడేసి యజమాని ఎవరో చూపించండి. గుంపులో ఒకరు మిగతావాళ్లను అణచి పెద్దరికం చెలాయించాలనే ఈ సిద్ధాంతానికి మూలం 1947లో రుడాల్ఫ్ షెంకెల్ బోనులోని తోడేళ్లను చూసి రాసిన వ్యాసం. ఆ సిద్ధాంతానికి ఆ తర్వాత బాగా ప్రచారం కల్పించిన డేవిడ్ మెక్ అనే శాస్త్రవేత్తే, అడవిలో తోడేళ్ల గుంపంటే సాధారణంగా తల్లిదండ్రులూ పిల్లలూ ఉండే కుటుంబమని 1999లో రాశాడు. మీ కుక్క మీ కుర్చీ కోసం పోటీ పడటం లేదు. మోకాలి దెబ్బ తిన్న కుక్క ఎగరడం మానవచ్చు, కానీ వచ్చే మనిషిని చూసి భయపడటం మొదలుపెడుతుంది. భయపడే కుక్కతో వచ్చే చిక్కులు ఎగిరే కుక్కతో రావు.

ఇంట్లోవాళ్లతో కుదిరాక గుమ్మం గంట మీద పని పెట్టుకోవాలి. బెంగళూరు అపార్ట్‌మెంట్లో పాలవాడు, కొరియర్, కూరగాయల సంచీ తెచ్చే కుర్రాడు, పనిమనిషి… పొద్దున్నుంచి గంట మోగుతూనే ఉంటుంది. ఆ మోతకే కుక్క సగం అదుపు తప్పుతుంది, తలుపు తీసేసరికి మిగతా సగం. మీ గంట మోతను ఫోనులో రికార్డు చేయండి. హాల్లో తలుపుకు ఎడంగా ఒక గోనెపట్టా పరవండి. ఫోనులో మోతను చాలా తక్కువ శబ్దంతో వినిపించి, వెంటనే పట్టా మీద నాలుగైదు ముక్కలు చల్లండి. ఎవరూ రారు, తలుపు తెరుచుకోదు. కొన్నాళ్లకు మోత వినగానే కుక్క తలుపు వైపు కాక పట్టా వైపు చూస్తుంది. ఆ చూపు కనిపించాక శబ్దం కొద్దికొద్దిగా పెంచండి, తర్వాతే నిజమైన గంట. ఈ ఒక్క అభ్యాసానికి నెల పట్టినా నేను ఆశ్చర్యపోను.

అసలు పరీక్ష అతిథులు. మన చుట్టాల్లో రెండు రకాలవారు ఈ చదువును పాడుచేస్తారు. ‘పర్వాలేదమ్మా, నాకు కుక్కలంటే ప్రాణం’ అంటూ ఎగిరే కుక్కను వాటేసుకునే బాబాయిగారు ఒకరు. దాన్ని చూడగానే కేక పెట్టి సోఫా ఎక్కే పిన్నిగారు ఇంకొకరు. బాబాయిగారికి బయల్దేరేముందే ఫోను చేసి, కుక్క కూర్చునేదాకా దాని వైపు చూడవద్దని చెప్పండి. వచ్చాక ఆయన చేతిలో రెండు ముక్కలు పెట్టండి, ఆయన సరదా తీరుతుంది, మీ పాఠమూ సాగుతుంది. పిన్నిగారి విషయంలో శిక్షణ జోలికి పోకండి. ఆవిడ వచ్చేముందే కుక్కను నమిలే బొమ్మతో పడకగదిలో ఉంచండి. అది ఓటమి కాదు, ఆ రోజుకు సెలవు. చిన్నపిల్లలు వచ్చినప్పుడూ అంతే.

మాటల విషయం ఒకటి. నాన్న ‘కూర్చో’ అంటాడు, బాబు ‘సిట్’ అంటాడు, పనిచేసే ఆవిడ కన్నడంలో ఇంకేదో అంటుంది. కుక్క అన్నీ నేర్చుకోగలదు, కానీ మొదట్లోనే కాదు. ఒక్కో పనికి ఒక్కటే మాట ఎంచుకుని కాగితం మీద రాసి ఫ్రిజ్‌కు అంటించండి. పనిచేసే ఆవిడకు ఆ మాటలు చెప్పి, డబ్బాలోంచి ముక్కలిచ్చే హక్కు కూడా ఇవ్వండి.

మీ కుక్క వయసు ఆరు నెలలు దాటి ఉంటే, నేర్చుకున్నదంతా మరిచిపోయిందనిపించే రోజులు వస్తాయి. ఇది ఊహ కాదు. 2020లో బ్రిటన్ పరిశోధకులు ఒక అధ్యయనం వెలువరించారు. అందులోవి లాబ్రడార్లు, గోల్డెన్ రిట్రీవర్లు, వాటి సంకరాలు. అయిదు నెలల వయసులో కంటే ఎనిమిది నెలల వయసులో అవి ‘కూర్చో’ అన్న మాటను పెంచుతున్నవారి దగ్గర తక్కువగా విన్నాయి. కొత్తవారి దగ్గర మాత్రం ఆ తగ్గుదల లేదు. వాచ్‌మన్ చెబితే కూర్చుంటుంది, నేను చెబితే ఆకాశం చూస్తుంది అని వాపోయేవారు మనసు కష్టపెట్టుకోనక్కర్లేదు. ఈడు వచ్చిన పిల్లల తంతే ఇది. నియమాలు మార్చకుండా, ముక్కల నాణ్యత కాస్త పెంచి ఆ నెలలు దాటించండి.

లిఫ్టులో ఎగబడటం వేరే సంగతి, చోటు చిన్నది కాబట్టి. కుక్కను వెనక మూలన కూర్చోబెట్టి, తలుపుకూ దానికీ మధ్య మీరు నిలబడండి. ఎవరైనా ఎక్కితే దాని ముక్కు ముందు ముక్కలు ఒకటొకటిగా దిగేదాకా వేస్తూ ఉండండి. రద్దీ వేళ మెట్లు మేలు. కుక్కను లిఫ్టులోకి తేవద్దని మీ అపార్ట్‌మెంట్ సంఘం అంటే, 2015లో భారత జంతు సంక్షేమ మండలి ఇచ్చిన మార్గదర్శకాలు చూపించండి, అలా నిషేధించకూడదని వాటిలో ఉంది. చూపించేటప్పుడు మీ కుక్క కుదురుగా కూర్చుని ఉంటే వాదన ఇంకా తేలిక.

గేటు బయట వీధి కుక్కలను చూసి గుంజడం గురించి ఆరో పాఠంలో వివరంగా చెబుతాను. అప్పటిదాకా ఒక్క జాగ్రత్త: అవి కనిపించగానే లీష్ బిగించకండి. బిగిస్తే మీ కుక్క మెడ లేస్తుంది, ఒళ్లు బిర్రబిగుస్తుంది, ఎదుటి గుంపుకు అది సవాలులా కనిపిస్తుంది. ముందే చూసి, వంపు తిరిగి పక్కకు తప్పుకోండి. మెడలో ఇనుప గొలుసు ఉంటే తీసేసి, ఛాతీ దగ్గర రింగు ఉన్న హార్నెస్ (మెడకు బదులు ఒంటి చుట్టూ వేసే పట్టీ) వేయండి.

తాయిలాల లెక్క కూడా మరవకండి. రోజు తిండిలో పదోవంతు మించకూడదు, ఆ మేరకు అన్నం తగ్గించండి. కోడిమాంసం, పనీరు, ఉడికిన గుడ్డు, క్యారెట్ ముక్కలు వాడవచ్చు. ఉల్లి, వెల్లుల్లి, ద్రాక్ష, చాక్లెట్ విషం. కిస్మిస్ ఉన్న పాయసం కూడా అంతే, పండగ రోజున అమ్మమ్మగారికి ఈ సంగతి మరోసారి గుర్తు చేయండి.

వచ్చే పాఠం పిలిస్తే రావడం గురించి. మన ఇళ్లలో ‘రా’ అన్నది రోజుకు నూరుసార్లు, పిల్లలకూ పెద్దలకూ వాడే మాట. కుక్కకు దాని విలువ ఎప్పుడో పోయి ఉంటుంది. అందుకని ఇంట్లో ఎవరూ వాడని మాటనో, ఒక ఈలనో ఎంచుకుని సిద్ధంగా ఉండండి. ఈలోగా, పిలిచాక ఎంత ఆలస్యంగా వచ్చినా తిట్టకండి, స్నానానికి ఎత్తుకుపోకండి. పది మీటర్ల తాడు కూడా ఒకటి కావాలి. సన్నని నైలాన్ తాడు కొనకండి, కుక్క పరుగెత్తితే అరచేయి కోసుకుపోతుంది. వెడల్పాటి నూలు పట్టీ తీసుకుని, ఒక చివర గట్టి కొక్కెం కుట్టించండి.