మందుల చీటీలో ‘సబ్‌లింగ్వల్లీ’ అని ఉంటే

ఇంట్లో గుండె జబ్బున్న పెద్దవాళ్లుంటే ఈ ఒక్క మాట గుర్తుపెట్టుకోండి: సబ్‌లింగ్వల్లీ. లాటిన్‌లో ‘సబ్’ అంటే కింద, ‘లింగ్వా’ అంటే నాలుక. మాత్రను నాలుక కింద పెట్టుకుని కరగనివ్వాలని అర్థం. కొన్ని చీటీల్లో పొట్టిగా ‘ఎస్.ఎల్.’ అని మాత్రమే రాస్తారు. ‘ఓరల్లీ’ అని ఉంటేనే మింగాలి.

మా నాన్నగారు మొదటిసారి ఛాతీ నొప్పి వచ్చినప్పుడు, ఆ నొప్పికి నాలుక కింద పెట్టుకోవాల్సిన మాత్ర సార్బిట్రేట్‌ని అలవాటు కొద్దీ గ్లాసెడు నీళ్లతో మింగేశారు. నొప్పి తగ్గక ఇంటిల్లిపాదీ టెన్షన్ పడ్డాం. నాలుక పైకెత్తి అద్దంలో చూడండి, నీలం రంగు రక్తనాళాలు కనిపిస్తాయి. అక్కడి పొర చాలా పలచన. మందు అక్కడ కరిగితే నేరుగా రక్తంలో కలిసి కొద్ది నిమిషాల్లోనే పని మొదలుపెడుతుంది. మింగితే మాత్రం పేగులు దాటి ముందు కాలేయానికి చేరుతుంది, చాలా భాగం అక్కడే విరిగిపోతుంది. ఇదే మందును నొప్పి రాకుండా రోజూ మింగమని రాయడం కూడా ఉంటుంది, కాబట్టి చీటీలో ఏ మాట ఉందో చూడాల్సిందే.

పెట్టుకునేటప్పుడు కూర్చోండి, బీపీ పడిపోయి కళ్లు తిరగొచ్చు. కరిగేదాకా నీళ్లు తాగొద్దు. సిల్డెనాఫిల్ (వయాగ్రా) రకం మాత్రలు వాడేవాళ్లు ఆ సంగతి డాక్టరుకు ముందే చెప్పాలి, సార్బిట్రేట్, ఆ మాత్రలు కలిస్తే ప్రాణాపాయం. 5 నిమిషాల్లో నొప్పి తగ్గకపోతే వెంటనే 108కి ఫోన్ చేయండి.