హైదరాబాద్ రైలెక్కే ముందే స్క్రిప్ట్ పూర్తి చెయ్యండి

సినిమాలకి రాయాలనుంది, హైదరాబాద్ వెళ్లిపోనా అని మన శ్రీకాకుళం పిల్లలు అడుగుతుంటారు. వెళ్లండి, కానీ ఆమదాలవలసలో రైలెక్కేసరికి మొదటి సీను నుంచి ఆఖరి సీను దాకా రాసేసిన స్క్రిప్ట్ ఒకటి మీ బ్యాగులో ఉండాలి. అక్కడికెళ్లాక అద్దె, తిండి, తిరుగుడు, ఈ టెన్షన్‌లో మొదటి స్క్రిప్ట్ తెమలదు.

ముందు కథ నాలుగైదు పేజీల్లో రాయండి. తర్వాత వన్‌లైన్ ఆర్డర్, అంటే ఏ సీను తర్వాత ఏ సీనో, ఒక్కోదాంట్లో ఏం జరుగుతుందో ఒక్కో వాక్యం. అది కుదిరాకే మాటల జోలికి వెళ్లండి.

సీనులో కెమెరాకి కనపడేది, మైకుకి వినపడేది మాత్రమే ఉండాలి. కొడుకు చెన్నై పనికి వెళ్తున్నాడు, తండ్రి బస్సెక్కించడానికి కాంప్లెక్స్‌కి వచ్చాడనుకోండి. ‘అప్పన్న గుండె బరువెక్కింది’ అని రాస్తే నటుడు ఏం చెయ్యాలి? ‘అప్పన్న జేబులోంచి మడతలుపడ్డ రెండొందల నోటు తీసి, కొడుకు చేతిలో పెట్టబోయి, ఆగి, బ్యాగు పక్క అరలో దూర్చి జిప్పు వేశాడు. "అన్నం తిన్నావేటి?" అన్నాడు’ అని రాయండి.

ఆ ‘ఏటి’ దగ్గర ఒక మాట చెప్పాలి. మన యాసని నవ్వించే పాత్రలకే పెట్టకండి. మన ఊళ్లో ఏడ్చేవాళ్లూ, ప్రేమించేవాళ్లూ, ఎదురు తిరిగేవాళ్లూ ఆ యాసలోనే మాట్లాడతారు, మనమే దాన్ని కామెడీకి వదిలేస్తే ఇంకెవరు పట్టించుకుంటారు? చదువుకోవడానికి కథల రచయిత కాళీపట్నం రామారావు మాస్టారు 1997లో మన ఊళ్లోనే పెట్టిన కథల లైబ్రరీ, కథానిలయం ఉంది. వెళ్లి ఏదైనా ఒక పాత కథ చదివి, దాన్ని వన్‌లైన్ ఆర్డర్‌గా విడగొట్టి చూడండి.

స్క్రిప్ట్ చదివేవాళ్లకన్నా కథ వినేవాళ్లే ఎక్కువ ఇండస్ట్రీలో. ఒకే కథని పది నిమిషాల్లో ముగించేలా ఒకసారి, గంటసేపు ఒకసారి చెప్పడం ఇంట్లోనే అలవాటు చేసుకోండి. మీ అత్తకి చెప్పండి, ఆవిడ ఎక్కడ టీవీ వైపు తల తిప్పిందో అక్కడ కథ సాగదీశారన్నమాట.

నేను మొదటిసారి ఒక సినిమా ఆఫీసులో కథ చెప్పి, ఉన్న ఒక్క కాపీ వాళ్లకే ఇచ్చేసి వచ్చాను. తర్వాత ఎవరూ ఫోన్ ఎత్తలేదు. రెండేళ్ల పని అది, ఇప్పటికీ తలుచుకుంటే కడుపు రగులుతుంది. 1957 కాపీరైట్ చట్టం ఐడియాని కాపాడదు, రాసిన రూపాన్నే కాపాడుతుంది. కాబట్టి ఎవరికైనా చెప్పే ముందే స్క్రిప్ట్‌ని రిజిస్టర్ చేయించండి, తేదీతో మెయిల్‌లో ఒక కాపీ దాచండి.

సీరియల్‌ని చిన్నచూపు చూడొద్దు. అక్కడ కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఒకరిది, మాటలు ఇంకొకరివి కావచ్చు, డబ్బులు ఎక్కువగా ఎపిసోడ్ లెక్కన ఇస్తారు, రేపటి షూటింగ్‌కి ఈ రాత్రికే సీన్లు అడుగుతారు. చెయ్యి తిరుగుతుంది. అయితే ఎపిసోడ్‌కి ఎంత, ఎన్నాళ్లకి ఇస్తారు, టైటిల్స్‌లో మీ పేరు కథ కింద పడుతుందా మాటల కింద పడుతుందా, ఇవన్నీ కాగితం మీద రాయించుకున్నాకే మొదటి సీను పంపండి.