వైకల్యం ఉన్నవారి హక్కుల చట్టాన్ని అర్థం చేసుకుని వాడుకోవడం ఎలా? చెన్నైలోని తెలుగు కుటుంబాల కోసం

నెల్లూరు నుంచో, చిత్తూరు నుంచో వచ్చి పెరంబూరులోనో, వ్యాసర్‌పాడిలోనో, టీ నగర్‌లోనో స్థిరపడిన తెలుగువారి ఇళ్లలో, ఎవరికైనా వైకల్యం ఉంటే, బీరువాలో ఒక ప్లాస్టిక్ కవరు తప్పకుండా ఉంటుంది. అందులో పాత ఎక్స్‌రేలు, ఆసుపత్రి చీటీలు, లామినేషన్ చేయించిన సదరం సర్టిఫికెట్, అంటే తెలుగు రాష్ట్రాలలో ఇచ్చే వైకల్య ధ్రువపత్రం, ఉంటాయి. ఆ సర్టిఫికెట్‌తో ఏం దొరుకుతుందని అడిగితే పింఛను, రైలు టికెట్లో రాయితీ అనే రెండు జవాబులే సాధారణంగా వస్తాయి. అంతకంటే చాలా ఎక్కువే అడగవచ్చునని చట్టం చెబుతోంది. ఏం అడగాలో, ఎవరిని అడగాలో, ఎలా రాసి అడగాలో ఒక వరుసలో చూద్దాం.

మొదటి మెట్టు: పథకాన్నీ హక్కునూ వేరుచేసి చూడండి

పింఛను ఒక పథకం. దాని మొత్తాన్నీ అర్హతలనూ రాష్ట్ర ప్రభుత్వం నిర్ణయిస్తుంది. రాష్ట్రం మారితే షరతులూ మారుతాయి, నివాస ధ్రువపత్రం లేకపోతే దరఖాస్తు కదలదు. హక్కు అలాంటిది కాదు. వైకల్యం కారణంగా కళాశాల సీటు నిరాకరించకూడదన్న నియమం నెల్లూరులో ఎంత చెల్లుతుందో చెన్నైలోనూ అంతే చెల్లుతుంది. పథకం కోసం దరఖాస్తు పెట్టుకుంటాం. హక్కు విషయంలో మాత్రం అవతలి పక్షానికి ఒక బాధ్యత ఉందని గుర్తు చేస్తాం. మనవాళ్లు రాసే అర్జీలు ఎక్కువగా ఇక్కడే దారి తప్పుతాయి. బాధ్యతను గుర్తు చేయవలసిన చోట దయ చూపమని వేడుకుంటాయి, చదివిన అధికారి కూడా దయ చూపాలా వద్దా అన్నట్టుగానే ఆలోచిస్తాడు.

రెండో మెట్టు: చట్టం ఎక్కడి నుంచి వచ్చిందో తెలుసుకోండి

మానవ హక్కుల చట్టం అంటే ఒకే పుస్తకం కాదు. 1948 డిసెంబరు 10న ఐక్యరాజ్యసమితి ఆమోదించిన విశ్వ మానవ హక్కుల ప్రకటన దానికి పునాది. వైకల్యం ఉన్నవారి కోసం ప్రత్యేకంగా 2006 డిసెంబరులో ఒక అంతర్జాతీయ ఒడంబడిక వచ్చింది, భారతదేశం దానిని 2007లో ధ్రువీకరించింది. ఆ మాట నిలబెట్టుకునేందుకు 1995 నాటి పాత చట్టం స్థానంలో పార్లమెంటు 2016లో కొత్త హక్కుల చట్టం చేసింది. అది 2017 ఏప్రిల్ 19 నుంచి అమలులో ఉంది. మన రాజ్యాంగంలోని 15, 16 అధికరణలు కులం, మతం, లింగం మొదలైన కారణాలతో వివక్ష చూపరాదని చెబుతాయి కానీ, ఆ జాబితాలో వైకల్యాన్ని పేర్కొనలేదు. అందువల్ల న్యాయస్థానాలు 14వ అధికరణలోని సమానత్వాన్నీ, 21వ అధికరణలోని గౌరవప్రదమైన జీవితాన్నీ ఆధారంగా తీసుకుంటాయి. మనం రాసే ఉత్తరంలో కూడా ఈ రెండింటినీ 2016 చట్టంతో కలిపి పేర్కొంటే సరిపోతుంది.

మూడో మెట్టు: చట్టాన్ని మొదటి పేజీ నుంచి కాక, కావలసిన చోటు నుంచి చదవండి

వందకు పైగా సెక్షన్లున్న చట్టాన్ని వరుసగా చదవడం మొదలుపెడితే మధ్యలోనే విసుగు వస్తుంది. ముందుగా సెక్షన్ 2లోని నిర్వచనాలలో రెండింటిని చదవండి. ఒకటి రీజనబుల్ అకామడేషన్, దీనిని సహేతుకమైన సర్దుబాటు అనుకుందాం. ఇతరులతో సమానంగా హక్కులు అనుభవించడానికి ఒక వ్యక్తికి అవసరమైన మార్పులు చేయడం, అయితే ఆ మార్పు అవతలివారికి మోయలేని భారం కాకూడదన్నది దాని సారాంశం. రెండోది వివక్ష. సహేతుకమైన సర్దుబాటును నిరాకరించడం కూడా వివక్షేనని ఆ నిర్వచనం స్పష్టంగా చెబుతుంది. చట్టం మొత్తంలో సామాన్యుడికి ఎక్కువగా పనికివచ్చే వాక్యం ఇదేనని నా అభిప్రాయం. ఎందుకంటే, 'మేమేమీ అనలేదు, ఎవరినీ గెంటివేయలేదు, మా దగ్గర ఆ సౌకర్యం లేదంతే' అన్న జవాబు దీని ముందు నిలవదు.

తర్వాత సెక్షన్ 3 సమానత్వం, 16 విద్యాసంస్థల బాధ్యత, 20, 21 ఉద్యోగం, 40 నుంచి 46 వరకు భవనాలు, రవాణా, సేవలు. మీ సమస్య ఏ కోవలోకి వస్తుందో ఆ సెక్షన్ మాత్రమే చదవండి.

పాత చట్టంలో 7 రకాల వైకల్యాలే ఉండేవి, ఇప్పుడు 21 ఉన్నాయి. ఆటిజం, నేర్చుకోవడంలో ఇబ్బంది, మానసిక అనారోగ్యం, తలసేమియా, హీమోఫీలియా, సికిల్ సెల్, పార్కిన్సన్స్ వ్యాధి, యాసిడ్ దాడి బాధితులు, అందరూ ఇందులోకి వస్తారు. కంటికి కనిపించని వైకల్యమని కౌంటర్లో ఎవరైనా సణిగితే, ఈ జాబితా చూపించవచ్చు.

నాలుగో మెట్టు: సర్టిఫికెట్ సంగతి తేల్చుకోండి

తెలుగు రాష్ట్రాలలో ఇచ్చిన సదరం సర్టిఫికెట్ చూపిస్తే ఇక్కడి కౌంటర్లలో కొన్నిచోట్ల 'ఇది మాది కాదు' అంటారు. చట్టం ప్రకారం జారీ అయిన వైకల్య ధ్రువపత్రం దేశమంతటా చెల్లుతుందని సెక్షన్ 58 చెబుతోంది. అయినా వాదన కంటే కార్డు సులభం. కేంద్ర ప్రభుత్వపు స్వావలంబన్ పోర్టల్‌లో యూడీఐడీ కార్డుకు, అంటే వైకల్యం ఉన్నవారి ప్రత్యేక గుర్తింపు కార్డుకు, దరఖాస్తు చేసుకుంటే, ఏ రాష్ట్రంలోనైనా ఒకే గుర్తింపుగా పనికివస్తుంది. నివాసం ఉన్న జిల్లాలోని వైద్యాధికారికి గానీ, చికిత్స పొందుతున్న ప్రభుత్వ ఆసుపత్రికి గానీ దరఖాస్తు చేయవచ్చు. వైద్యం కోసమే చెన్నైకి వచ్చి ఇక్కడే ఉండిపోయిన కుటుంబాలకు రెండో మార్గం ఉపయోగపడుతుంది. సర్టిఫికెట్‌లో వైకల్య శాతం తక్కువ వేశారనిపిస్తే 90 రోజులలోగా అప్పీలు చేసుకోవచ్చు.

ఇక్కడ ఒక చిన్న మాట. తమిళనాడు కార్యాలయాల బోర్డుల మీద వికలాంగులు అన్న మాట వెతకవద్దు. ఇక్కడ మాట్రుత్తిరనాళిగళ్ అంటారు. ఫారాల మీదా, బస్సుల మీదా, గదుల తలుపుల మీదా అదే ఉంటుంది. తమిళ లిపి రాకపోయినా ఆ ఒక్క పదం ఆకారాన్ని గుర్తుపెట్టుకుంటే తిరగవలసిన గదులు తగ్గుతాయి.

వైకల్యం 40 శాతం, అంతకు మించి ఉంటే దానిని బెంచ్‌మార్క్ వైకల్యం అంటారు. ప్రభుత్వ ఉద్యోగాలలో కనీసం 4 శాతం, ప్రభుత్వ, ప్రభుత్వ సాయం పొందే ఉన్నత విద్యాసంస్థలలో కనీసం 5 శాతం రిజర్వేషన్ వీరికే వర్తిస్తాయి. అయితే 40 శాతానికి ఒక్క శాతం తగ్గినా హక్కులన్నీ పోయాయని అనుకోకూడదు. చేతి కండరాలు బిగుసుకుపోయి రాయలేని ఒక అభ్యర్థి విషయంలో, బెంచ్‌మార్క్ వైకల్యం లేకపోయినా పరీక్షలో సహాయ లేఖకుడిని కోరవచ్చునని సుప్రీంకోర్టు 2021 ఫిబ్రవరిలో వికాస్ కుమార్ కేసులో తీర్పు చెప్పింది. సమానత్వమూ, సహేతుకమైన సర్దుబాటూ శాతాన్ని బట్టి పుట్టినవి కావు.

ఐదో మెట్టు: బాధ్యత ఎవరిదో గుర్తించండి

ప్రభుత్వ సంస్థ మీద ఉన్నన్ని బాధ్యతలు ప్రైవేటు సంస్థ మీద లేవు. ఉదాహరణకు, ఉద్యోగంలో ఉండగా వైకల్యం వస్తే తొలగించకూడదు, హోదా తగ్గించకూడదు అన్న సెక్షన్ 20లోని రక్షణ ప్రభుత్వ సంస్థలను ఉద్దేశించినది. కానీ సెక్షన్ 21 ప్రకారం సమాన అవకాశాల విధానాన్ని ప్రకటించవలసిన బాధ్యత ప్రైవేటు సంస్థలకూ ఉంది. 20 మంది, అంతకంటే ఎక్కువ ఉద్యోగులు ఉంటే ఆ విధానంలో సౌకర్యాల వివరాలు, సంబంధిత అధికారి పేరు ఉండాలి. గిండీలోనో, ఓఎంఆర్‌లోనో మీ కార్యాలయం ఉంటే మొదట ఆ విధానం ప్రతిని అడగండి. చాలాచోట్ల అడిగిన తరువాతే అది తయారవుతుంది.

భవనాల విషయంలో కొలబద్ద కూడా చేతిలో ఉండాలి. వాలు 1:12 ఉండాలన్నది దేశంలో అనుసరించే ప్రమాణం. అంటే ఒక అడుగు ఎత్తు ఎక్కడానికి పన్నెండు అడుగుల ర్యాంపు కావాలి. నేను వెళ్లిన ఒక బ్యాంకు శాఖలో మూడు మెట్ల పక్కన సిమెంటు పోసి ర్యాంపు అన్నారు. మెట్టు ఆరు అంగుళాలు, మొత్తం పద్దెనిమిది అంగుళాలు, అంటే అక్కడ పద్దెనిమిది అడుగుల ర్యాంపు ఉండాలి. ఉన్నది నాలుగు అడుగులు. స్కూటరు ఎక్కించడానికి పనికివస్తుంది, చక్రాల కుర్చీ మాత్రం వెనక్కి పల్టీ కొడుతుంది. టేపు పెట్టి కొలిచి, ఆ సంఖ్యలను ఉత్తరంలో రాస్తే, 'ర్యాంపు ఉందండీ' అన్న జవాబుకు చోటు ఉండదు. పాత ప్రజా భవనాలను వైకల్యం ఉన్నవారు వాడుకోగలిగేలా మార్చడానికి చట్టం ఇచ్చిన ఐదేళ్ల గడువు కూడా ఎప్పుడో ముగిసింది. సౌలభ్య నియమాలు సలహాలుగా మిగలకూడదని, తప్పనిసరి కావాలని సుప్రీంకోర్టు 2024 నవంబరులో రాజీవ్ రాతూరి కేసులో స్పష్టం చేసింది. కట్టడంతో పని అయిపోదు, నిర్వహణ కూడా కావాలి. మెరీనాలో చక్రాల కుర్చీల కోసం 2022 నవంబరులో ఏర్పాటు చేసిన చెక్క బాట పక్షం రోజులు తిరగకముందే మాండూస్ తుఫానుకు దెబ్బతిన్నది, దానిని మళ్లీ బాగుచేయవలసి వచ్చింది.

ఆరో మెట్టు: ఉత్తరం రాయండి

మా వీధిలో ఒక డిగ్రీ విద్యార్థిని ఉంది, చూపు మందం, సర్టిఫికెట్‌లో 30 శాతం. ప్రశ్నపత్రంలోని సన్న అక్షరాలు చదవడానికే ఆమెకు సగం సమయం గడిచిపోతుంది. వాళ్ల నాన్నగారు కళాశాలకు రాసిన మొదటి ఉత్తరం ఇలా మొదలైంది: 'అయ్యా, మేము పేదవాళ్లము, మా అమ్మాయి చాలా కష్టపడి చదువుకుంటోంది, దయచేసి పెద్ద మనసుతో…' నెల రోజులైనా జవాబు రాలేదు.

రెండోసారి మేం ఇద్దరం కూర్చుని ఒక పేజీకి మించకుండా రాశాం. వైకల్యం పేరు, ధ్రువపత్రం వివరాలు ఒక వాక్యంలో పెట్టాం. అడ్డంకి ఏమిటో ఇంకో వాక్యంలో: ఈ అక్షరాల సైజులో ప్రశ్నపత్రం చదవడానికి ఆమెకు ఇంత సమయం పడుతోంది. తరువాత కోరినవి మూడు: 18 పాయింట్ల అక్షరాలతో ప్రశ్నపత్రం, కిటికీ పక్క సీటు, గంటకు 20 నిమిషాల అదనపు సమయం. సెక్షన్ 16 ప్రకారం విద్యాసంస్థ ఈ సర్దుబాటు చేయవలసి ఉందని, నిరాకరణ సెక్షన్ 2 ప్రకారం వివక్ష అవుతుందని రాసి, ఫలానా తేదీలోగా, అంటే పరీక్షకు మూడు వారాల ముందు, నిర్ణయాన్ని రాతపూర్వకంగా తెలపమని అడిగాం. 'దయచేసి' అన్న మాట ఒకసారి వాడాం, మర్యాద కోసం. సీటూ పెద్ద అక్షరాలూ వారంలోగా అమరాయి. అదనపు సమయానికి మాత్రం మరో ఉత్తరం, సుప్రీంకోర్టు తీర్పు ప్రతి కావలసి వచ్చాయి.

ఉత్తరాన్ని చేతికి ఇస్తే రెండో ప్రతి మీద ముద్ర, తేదీ, సంతకం వేయించుకోండి. లేదా స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. ఫోనులో మాట్లాడినదంతా అదే రోజు ఈమెయిల్‌గా రాసి పంపండి.

ఏడో మెట్టు: జవాబు రాకపోతే ఫిర్యాదు

ప్రభుత్వ సంస్థ అయితే ముందు అక్కడి ఫిర్యాదుల పరిష్కార అధికారిని కలవాలి, సెక్షన్ 23 ప్రకారం అలాంటి అధికారి ఉండితీరాలి. తరువాతి మెట్టు వైకల్యం ఉన్నవారి కోసం ఉన్న రాష్ట్ర కమిషనర్. చెన్నైలో ఆ కార్యాలయం కామరాజర్ సాలైలో, లేడీ విల్లింగ్డన్ కళాశాల ఆవరణలో ఉంది. కేంద్ర ప్రభుత్వ సంస్థల మీద ఢిల్లీలోని ప్రధాన కమిషనర్‌కు రాయవచ్చు. సాక్షులను పిలిపించడానికీ, పత్రాలు తెప్పించడానికీ ఈ కమిషనర్లకు సివిల్ కోర్టుకున్న అధికారాలు ఉన్నాయి. కానీ వారు ఇచ్చేది సిఫార్సు. సంబంధిత సంస్థ దానిపై తీసుకున్న చర్యను మూడు నెలలలోగా తెలపాలి, అంగీకరించకపోతే కారణం చెప్పాలి. ఆ కారణం రాతలో ఉండడం తరువాత కోర్టులో మీకు సాయపడుతుంది. ఫిర్యాదు ఆంగ్లంలోనో తమిళంలోనో ఉంటే పని త్వరగా సాగుతుంది.

నలుగురిలో కావాలని అవమానించడం, దాడి చేయడం, తిండి పెట్టకపోవడం వంటివి ఫిర్యాదుల కోవ కావు. అవి నేరాలు. సెక్షన్ 92 ప్రకారం ఆరు నెలల నుంచి ఐదేళ్ల వరకు జైలు శిక్ష ఉంది. హింస ఇంటిలోనే జరుగుతుంటే ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేటుకు కూడా చెప్పవచ్చని సెక్షన్ 7 వివరిస్తుంది. ప్రభుత్వోద్యోగి వల్ల మానవ హక్కుల ఉల్లంఘన జరిగితే 1993 చట్టం కింద ఏర్పడిన రాష్ట్ర మానవ హక్కుల కమిషన్‌ను ఆశ్రయించవచ్చు, కానీ సంఘటన జరిగి ఏడాది దాటితే వారు విచారణకు తీసుకోరు. ప్రైవేటు సంస్థతో వచ్చిన తగాదాను అక్కడికి తీసుకువెళ్లి నెలలు పోగొట్టుకోకండి.

ఎనిమిదో మెట్టు: వకీలు ఖర్చుకు భయపడకండి

1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం వైకల్యం ఉన్న వ్యక్తికి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలి. పేదరికం నిరూపించుకోవలసిన అవసరం లేదు, వైకల్యమే అర్హత. మద్రాసు హైకోర్టు ఆవరణలోని న్యాయ సేవల కార్యాలయాన్ని గానీ, 15100 నంబరును గానీ సంప్రదించవచ్చు. అక్కడికి వెళ్లేటప్పుడు ఆ ప్లాస్టిక్ కవరులో సర్టిఫికెట్‌తో పాటు మీరు రాసిన ఉత్తరం, పోస్టు రసీదు, వచ్చిన జవాబు, రాకపోతే ఎన్ని రోజులైందో రాసుకున్న కాగితం ఉండాలి. వకీలు మొదట అడిగేవి అవే.