ఇంగ్లండ్‌లో జమీందారీ బంగ్లా చూడ్డానికి వెళ్తే ఎలా చూడాలి

యూకేలో ఉన్న మనవాళ్ళు, ఇండియా నుంచి అమ్మానాన్నలు వచ్చారంటే చాలు, ఏదో ఒక కంట్రీ హౌస్‌కి, అంటే అక్కడి పాత జమీందారీ బంగ్లాకి తీసుకెళ్తారు. గార్డెన్‌లో ఫొటోలు దిగి, లోపల గదులన్నీ అరగంటలో చుట్టేసి, "అబ్బో బాగా ఉన్నోళ్ళు" అనుకుని, ఒక స్కోన్ తిని వచ్చేస్తారు. నన్నడిగితే ఆ ఇళ్ళని చూసే పద్ధతి ఒక్కటే, ప్రతి గదిలోనూ దీనికి డబ్బు ఎక్కడ్నుంచి వచ్చింది, ఈ పని ఎవరు చేశారు అని అడుగుతూ పోవడమే. డెర్బీ పక్కనున్న కెడిల్‌స్టన్ హాల్‌ని పట్టుకుని చెప్తా, మిగతా ఇళ్ళకీ దాదాపు ఇదే లెక్క.

బయల్దేరే ముందు ఆ ఇల్లు ఎవరిదో చూసుకోండి. నేషనల్ ట్రస్ట్‌ది (పాత ఇళ్ళని కాపాడే సంస్థ) అయితే మెంబర్‌షిప్ కార్డు ఉంటే చాలు, మళ్ళీ టికెట్ అక్కర్లేదు, ఏడాదికి నాలుగైదు ఇళ్ళు చూసేవాళ్ళకి గిట్టుబాటే. చాట్స్‌వర్త్, బ్లెన్‌హైమ్ లాంటి చోట్ల మాత్రం డ్యూకుల కుటుంబాలు ఇంకా వదల్లేదు, వాటికి వేరే టికెట్ కొనాలి.

వెళ్ళగానే తలుపు వైపు పరిగెత్తకండి, కాస్త దూరంగా నిలబడి ఇంటిని మొత్తంగా చూడండి. కెడిల్‌స్టన్‌లో మధ్యలో పెద్ద బ్లాకు, అటొకటి ఇటొకటి వింగు, వంకర వరండాలతో కలిపి ఉంటాయి. కుటుంబం కాపురం ఒక వింగులో, వంట ఇంకో వింగులో, మధ్యలో ఉన్న ఆ మహా భవనం అంతా వచ్చినవాళ్ళకి చూపించుకోడానికే. 1759లో నథానియల్ కర్జన్ మొదలుపెట్టినప్పుడు ప్లాన్‌లో నాలుగు వింగులు ఉన్నాయి, కట్టింది రెండే. తమాషా ఏంటంటే ఇదే నమూనాతో 1803కి కలకత్తాలో గవర్నర్ జనరల్ వెల్లెస్లీ తన బంగ్లా కట్టించాడు, అక్కడ మాత్రం నాలుగు వింగులూ కట్టారు, డబ్బు మనది కదా మరి. 1899లో ఈ ఇంటి వారసుడు లార్డ్ కర్జన్ వైస్రాయ్‌గా వెళ్ళి దిగింది ఆ కాపీలోనే.

అలాగే చుట్టూ చూస్తే ఇంటి పక్కనే పాత చర్చి ఉంటుంది గానీ ఊరు కనిపించదు. ఊరు ఉండేది, దొరగారి వ్యూకి అడ్డొస్తోందని దూరంగా జరిపేశారు. ఇలాంటివి ఇంగ్లండ్‌లో చాలాచోట్ల జరిగాయి, డోర్సెట్‌లో మిల్టన్ అబ్బాస్ కూడా ఇంతే. ఇంకోటి, గడ్డి మైదానం ఎక్కడా కంచె లేకుండా పోతున్నట్టుంటుంది, అయినా గొర్రెలు ఇంటి దాకా రావు, ఎందుకంటే మధ్యలో కంటికి కనపడకుండా ఒక కందకం తవ్వి ఉంటుంది. దాన్ని హాహా అంటారు, పిల్లలతో వెళ్తే జాగ్రత్త.

లోపల మార్బుల్ హాల్‌లో 20 ఆలబాస్టర్ స్తంభాలు, అందరూ అక్కడే ఫొటోలు తీస్తుంటారు, మీరూ తీసుకోండి (ఫ్లాష్ వద్దు). తర్వాత వరసగా వచ్చే స్టేట్ రూముల్లో ఒక పెద్ద మంచం ఉంటుంది, ఇలాంటి మంచాలు రోజూ పడుకోడానికి కాదు, రాజుగారో అంత పెద్దవాళ్ళెవరో వస్తే వాళ్ళకోసం. రాజు వస్తాడో రాడో తెలీదు, మంచం మాత్రం రెడీ. ఇంత ఖర్చు ఎలా తట్టుకున్నారంటే ఆస్తి పంచేవాళ్ళు కాదు. మన దగ్గర నలుగురు అన్నదమ్ములుంటే నాలుగు వాటాలు, మూడు తరాలకి గట్లు తప్ప పొలం మిగలదు. అక్కడ టైటిల్, భూమి, ఇల్లు మొత్తం పెద్దకొడుక్కే, ఆ పెద్దకొడుకు కూడా అమ్ముకోకుండా ముందే కాగితాలు రాయించి కట్టేసేవాళ్ళు. మరి చిన్నకొడుకులు? ఆర్మీ, చర్చి, లా, లేదంటే ఈస్టిండియా కంపెనీ. మన దేశానికి వచ్చిన దొరల్లో చాలామంది ఇలా వాటా దక్కనివాళ్ళే.

ఇప్పుడు పనివాళ్ళ సంగతి. కెడిల్‌స్టన్‌లో మిసెస్ గార్నెట్ అనే హౌస్‌కీపర్ పెయింటింగ్ ఉంది, దాన్ని మిస్ అవ్వొద్దు. తెల్ల టోపీ పెట్టుకున్న పెద్దావిడ, చేతిలో ఇంటి గైడ్ పుస్తకం పట్టుకుని, రండి చూపిస్తా అన్నట్టు నిలబడి ఉంటుంది. అంటే 18వ శతాబ్దంలోనే జనం ఈ ఇంటికి టూరిస్టుల్లా వచ్చేవాళ్ళు, 1777లో ఇంగ్లీష్ డిక్షనరీ రాసిన డాక్టర్ జాన్సన్ కూడా వచ్చి చూసి ఇల్లు నచ్చలేదని విసుక్కున్నాడు. పనివాళ్ళ బొమ్మలు ఇంకా చూడాలంటే వేల్స్‌లో ఎర్డిగ్‌కి వెళ్ళండి, అక్కడ యజమానులు తరతరాలుగా వంటమనిషి, వడ్రంగి, తోటమాలి అందరి బొమ్మలూ వేయించి వాళ్ళమీద పద్యాలు కూడా రాశారు. ఏ ఇంట్లో అయినా సరే గోడలో కలిసిపోయిన చిన్న తలుపులు, వెనక ఇరుకు మెట్లు, వంటింటి దగ్గర వరసగా వేలాడే గంటలు వెతకండి. బొగ్గు, వేడినీళ్ళు, తెల్లారి పారబోయాల్సినవి అన్నీ ఆ మెట్ల మీదనే మోసేవాళ్ళు, దొరసానికి ఎదురుపడకుండా. పెట్‌వర్త్‌లో అయితే పనివాళ్ళ బ్లాకు నుంచి ఇంట్లోకి ఏకంగా సొరంగమే ఉంది.

కెడిల్‌స్టన్‌లోనే లేడీ కర్జన్ నెమలి గౌను దగ్గర కాసేపు ఆగండి. 1903 ఢిల్లీ దర్బార్‌కి వేసుకున్నది. నెమలి కన్నుల మధ్యలో ఆకుపచ్చగా మెరిసేవి చూసి అందరూ పచ్చలనుకుంటారు, దగ్గరగా చూస్తే అవి పురుగు రెక్కలు. జర్దోసీ పని మన ఢిల్లీది, గౌనుగా కుట్టింది పారిస్‌లో, వేసుకున్నావిడ చికాగో కోటీశ్వరుడి కూతురు. అప్పట్లో టైటిల్ ఉండి డబ్బులేని ఇళ్ళవాళ్ళు అమెరికా అమ్మాయిల్ని చేసుకోవడం మామూలే, బ్లెన్‌హైమ్ ఇంటి మార్ల్‌బరో డ్యూక్ కూడా 1895లో వాండర్‌బిల్ట్ కూతుర్ని రైల్వే షేర్ల కట్నంతో చేసుకున్నాడు. కట్నం మనకొక్కళ్ళకే అనుకోకండి!

తెలుగువాళ్ళకి ఆసక్తిగా ఉండేది ఇంకోటి ఉంది. మద్రాసు గవర్నర్ థామస్ పిట్ ఒక పెద్ద వజ్రం కొని ఇంగ్లండ్ పంపించాడు, అది కృష్ణ ఒడ్డున మన కొల్లూరు గనిది. 1717లో ఫ్రాన్స్ రీజెంట్‌కి (చిన్నపిల్లాడైన రాజు తరఫున పాలిస్తున్నాయన) అమ్మేసి ఆ డబ్బుతో కార్న్‌వాల్‌లో బొకోనక్ ఎస్టేట్ కొన్నాడు. ఆయన మనవడు, మునిమనవడు ఇద్దరూ బ్రిటన్ ప్రధానులయ్యారు. కొల్లూరేమో ఇప్పుడు పులిచింతల నీళ్ళలో ఉంది. పోవిస్ కోటలో టిప్పు సుల్తాన్ డేరా ఉంది, అది క్లైవ్ కొడుకు తెచ్చుకున్నది. హేర్‌వుడ్ హౌస్ అయితే బార్బడోస్‌లో బానిసలు పండించిన చక్కెర డబ్బు. 2020లో నేషనల్ ట్రస్టే తన ప్రాపర్టీల్లో 93 చోట్లకి వలస పాలనతోనో బానిసత్వంతోనో లింకు ఉందని రిపోర్ట్ ఇచ్చింది, దానిమీద అక్కడ పెద్ద గొడవే అయింది.

ఇంత ఉన్నవాళ్ళు ఎందుకు వదులుకున్నారంటే, 1870ల నుంచి అమెరికా గోధుమలు చవగ్గా దిగి కౌళ్ళు పడిపోయాయి, 1894లో చనిపోయినవాళ్ళ ఆస్తి మీద కొత్త పన్ను వేశారు, తర్వాత మొదటి ప్రపంచ యుద్ధంలో వారసులు పోయారు. 1950లో డెవన్‌షైర్ డ్యూక్ (చాట్స్‌వర్త్ ఈయనదే) పోయేసరికి ఆ పన్ను 80 శాతం, ఆస్తి ముందే కొడుకు పేర రాసేశాడు గానీ అలా రాశాక పన్ను తప్పాలంటే బతకాల్సిన గడువు తీరడానికి ఇంకొన్ని వారాలు ఉండగా పోయాడు, దాంతో హార్డ్‌విక్ హాల్‌ని ప్రభుత్వానికి పన్ను కింద ఇచ్చేయాల్సొచ్చింది. కెడిల్‌స్టన్ 1987లో ట్రస్ట్ చేతికొచ్చింది.

చివరగా, ప్రతి గదిలో కుర్చీ వేసుకుని ఒక రిటైర్డ్ పెద్దమనిషి కూర్చుని ఉంటారు, వాళ్ళు వాలంటీర్లు, బోర్డు మీద లేనివి చాలా చెప్తారు. "ఈ గది ఊడ్చేవాళ్ళు ఎక్కడ పడుకునేవాళ్ళండీ?" అని అడగండి, కదిలిస్తే వదలరు. చలికాలంలో చాలా ఇళ్ళు మూసేసి పార్కు మాత్రమే తెరుస్తారు, అందుకని వెబ్‌సైట్‌లో "హౌస్" టైమింగ్స్ విడిగా చూసుకోండి, బస్సులు కూడా తక్కువే, కారుంటే మేలు.