ఏళ్ల తరబడి పూసే స్థానిక మొక్కలకు నీళ్లు ఎలా పోయాలి

"స్థానిక పూల మొక్కే కదా, దాని పాటికి అదే బతుకుతుంది" అనుకుని నాటిన వారానికే నీళ్లు మానేస్తారు కొందరు, ఇంకొందరు ప్రేమ కొద్దీ రోజూ పొద్దున ఒక చెంబు, సాయంత్రం ఒక చెంబు పోస్తారు, చివరికి ఇద్దరి మొక్కలూ పోతాయి. ఈ మొక్కల్లో చాలా రకాలు నీటి ఎద్దడికి తట్టుకుంటాయన్న మాట నిజమే. కానీ ఆ ఓర్పంతా లోతుకు దిగిన వేర్లది, కొత్తగా నాటిన మొక్కకు ఆ వేర్లు ఇంకా రాలేదు. నర్సరీ కవర్లో ఎంత మట్టి ఉందో అంతవరకే దాని వేర్లు. అందుకే మొదటి ఏడాది దాన్ని చంటిపిల్లలా చూసుకోవాలి.

నాటే ముందు కవర్‌తో సహా మొక్కను బకెట్ నీళ్లలో పెట్టి, బుడగలు రావడం ఆగేదాకా ఉంచండి. వేర్ల చుట్టూ ఉన్న మట్టి ముద్ద ఎండిపోయి ఉండగా నాటేస్తే, తర్వాత మీరు పోసే నీళ్లు పక్కనుంచి జారిపోతాయి తప్ప ముద్ద లోపలికి సరిగ్గా దిగవు. నాటాక చుట్టూ పాదు చేసి మళ్లీ నిండా పోయండి. మొదటి రెండు వారాలు రోజూ ఒకసారి మట్టి చూడండి, పోయాల్సిన అవసరం రోజూ రాకపోవచ్చు. తర్వాత రెండు మూడు రోజులకోసారి, మొక్క కొత్త చిగుళ్లు వేస్తుంటే మెల్లగా వారానికోసారి.

ఇవి అంచనాలు మాత్రమే. అసలు కొలత మీ వేలే. రెండు అంగుళాల లోతుకు గుచ్చి చూడండి, అక్కడ తడి తగిలితే ఆ రోజు పోయొద్దు, పొడిగా ఉంటే పోయండి.

పోసినప్పుడు మాత్రం బాగా పోయాలి. వాన నీళ్లు కూడా కలుపుకుని వారానికి సుమారు ఒక అంగుళం, అంటే చదరపు మీటరుకు 25 లీటర్లు అని తోటపనిలో ఒక మామూలు లెక్క ఉంది, మొదటి ఏడాదికి అది పట్టుకుని మొదలుపెట్టొచ్చు. వాన ఎంత పడిందో తెలియాలంటే నిటారు గోడలున్న ఒక ఖాళీ డబ్బా తోటలో పెట్టి స్కేలుతో కొలవండి, చాలు. వేర్లు తేమ ఉన్న చోటికే పెరుగుతాయి, రోజూ పైపైన తడిపితే అవి పైనే ఉండిపోయి, ఒక్క రెండు రోజులు మీరు ఊరెళితే మొక్క తల వాల్చేస్తుంది. నీళ్లు పోసిన గంట తర్వాత పక్కన చిన్నగా తవ్వి చూడండి, ఆరంగుళాల దాకా తడి దిగి ఉండాలి. బంకమట్టి అయితే ఒకేసారి కుమ్మరిస్తే బయటికి పారిపోతుంది, కాస్త పోసి, ఇంకాక మళ్లీ పోయాలి. ఇసుక నేలలో నీళ్లు త్వరగా దిగిపోతాయి కాబట్టి తక్కువ తక్కువగా, కాస్త తరచుగా.

ఎక్కువమంది పొరపడేది మొక్క వాడినప్పుడు. మధ్యాహ్నం ఎండకు ఆకులు వాలితే కంగారు పడి పైపు పట్టుకోకండి, సాయంత్రానికి లేచి నిలబడితే దానికి ఏమీ కాలేదు. పొద్దున్నే కూడా వాడి ఉండి, మట్టి పొడిగా ఉంటే వెంటనే పోయండి. మట్టి తడిగా ఉన్నా వాడుతోందంటే మాత్రం అది దాహం కాదు, వేర్లకు గాలి ఆడక కుళ్లుతున్నాయని అనుమానించాలి. నా మొక్క ఒకటి ఇలాగే పోయింది, వాడిందని పోస్తూనే ఉన్నాను, పీకి చూస్తే వేర్లన్నీ నల్లబడి మెత్తగా అయిపోయాయి. అలాంటప్పుడు నీళ్లు ఆపి, నీరు నిలవకుండా దారి చేయడమే మార్గం.

పొద్దున పూట, మొక్క మొదలు దగ్గర పోయండి, ఆకుల మీద వద్దు. రాత్రంతా ఆకులు తడిగా ఉంటే తెగుళ్లు పట్టే అవకాశం ఎక్కువ. పాదులో ఎండుటాకులు రెండు మూడంగుళాల మందాన పరిస్తే తేమ ఎక్కువ రోజులు నిలుస్తుంది, కాండానికి మాత్రం ఆనకుండా చుట్టూ కాస్త ఖాళీ వదలండి.

రెండో ఏడాది నుంచి మెల్లగా తగ్గించాలి. మొక్క పెరిగే కొద్దీ నీళ్లు కూడా కాండం నుంచి దూరంగా, కొమ్మల చివర్ల కింద పోస్తే వేర్లు బయటికి పాకుతాయి. వేర్లు బాగా పట్టాక, చాలా రోజులు వాన లేనప్పుడు, ముఖ్యంగా మొగ్గ దశలో ఎండ మండుతుంటే ఒకసారి లోతుగా పోస్తే చాలు. అతిగా పోస్తే, దానికి ఎరువు కూడా తోడైతే, పొడి నేల రకాలు ఏపుగా సాగి, కాండం బలం లేక పడిపోతాయి, పూలూ తగ్గుతాయి. తేమ నేల రకాలకు మాత్రం ఇది వర్తించదు, అందుకే నీళ్లు ఎక్కువ కావాల్సినవన్నీ ఒకచోట, తక్కువ చాలేవి ఇంకోచోట నాటుకోండి.

కొన్ని రకాలు ఏడాదిలో కొంతకాలం పైభాగమంతా ఎండిపోయి, నేలలో వేర్లతోనే బతికి ఉంటాయి. చచ్చిపోయిందని పీకేయకండి, బతికించాలని నీళ్లూ కుమ్మరించకండి, మట్టి మరీ గట్టిపడకుండా అప్పుడప్పుడు కాస్త తడిపితే సరిపోతుంది. కుండీల్లో పెంచుతుంటే ఈ రెండో ఏడాది లెక్కలేవీ పనికిరావు, ఎన్నేళ్లయినా వేర్లు ఆ కుండీ దాటి పోలేవు కాబట్టి ఎండాకాలంలో రోజూ వేలు పెట్టి చూడాల్సిందే.