రామప్ప శాసనంలో రేచర్ల రుద్రుణ్ని వెతుక్కోవడం ఎలా

రామప్పకి వెళ్లినవాళ్లలో చాలామంది నీళ్లలో తేలే ఇటుక కథ విని, నాగిని బొమ్మ ముందు సెల్ఫీ దిగి వచ్చేస్తారు. మా చుట్టాలు ఎవరు హనుమకొండ వచ్చినా నేను మాత్రం ముందు ఆవరణలోని శాసన మండపానికే లాక్కెళ్తాను. గుడి కట్టించిన మనిషి, కాకతీయుల సామంతుడూ సేనానీ అయిన రేచర్ల రుద్రుడు దొరికేది అక్కడే.

రాతి స్తంభం నాలుగు వైపులా సంస్కృతమే. చదవలేమని టెన్షన్ పడొద్దు. తాత్పర్యం ముందే సంపాదించి ఫోన్లో పెట్టుకోండి.

మొదట తేదీ చూడండి. శక సంవత్సరం 1135. దానికి 78 కలిపితే 1213. (మాఘ, ఫాల్గుణాల్లో వేసిన శాసనమైతే 79 కలపాలి. ఇది చైత్రం.) అంటే ఓరుగల్లులో కాకతీయ రాజు గణపతిదేవుడి కాలం.

తర్వాత పొగడ్తలు. వీటిని దాటేయకండి, సామంతుడి బతుకంతా ఇందులోనే ఉంటుంది. గుడి తనదైనా ఏలిక వంశాన్ని కీర్తించాల్సిందే. ఆ పక్కనే తన తాతముత్తాతల యుద్ధాలు ఎంత ఘనంగా చెప్పుకున్నాడో పోల్చి చూడండి. రుద్రుడికి ఆ హక్కు ఉంది. 1199 ప్రాంతంలో కాకతీయ రాజు మహాదేవుడు దేవగిరి యాదవులతో యుద్ధంలో చనిపోయాడు, కొడుకు గణపతి బందీ అయ్యాడు. ఇదే అదనని తోటి సామంతులు తిరగబడితే, వాళ్లను అణచి రాజ్యాన్ని నిలబెట్టింది ఈ సేనానే. తనే గద్దె ఎక్కేసి ఉండొచ్చు, ఎక్కలేదు. గణపతి తిరిగొచ్చి రాజయ్యాడు.

అలాగని మరీ వినయమేం లేదు. గుళ్లో దేవుడి పేరు రుద్రేశ్వరుడు! దేవుడి పేరులోంచి ‘ఈశ్వర’ తీసేస్తే చాలాసార్లు కట్టించినవాళ్లు బయటపడతారు. సూర్యాపేట దగ్గర పిల్లలమర్రిలో కూడా అంతే. అక్కడి రేచర్లవాళ్లలో నామిరెడ్డిది నామేశ్వరాలయం, బేతిరెడ్డి భార్య ఎరకసానిది ఎరకేశ్వరాలయం.

ఇక గుడి దగ్గరే ఆగిపోకుండా చెరువు కట్ట ఎక్కండి. సామంతుడు రాజుకు కప్పం కట్టాలి, పిలిస్తే సైన్యంతో వెళ్లాలి. ఆ ఖర్చంతా పొలాల్లోంచే రావాలి కదా. నీళ్లుంటేనే వరి, వరి పండితేనే పన్ను. రామప్ప చెరువు కింద ఇప్పటికీ సాగు నడుస్తోంది. నన్నడిగితే అతని పాలన గురించి శిల్పాలకన్నా ఈ కట్టే ఎక్కువ చెబుతుంది.

వేరే ఊళ్లలో దాన శాసనాలు చూసేటప్పుడు చివరి పంక్తులు వదలకండి. ఇచ్చిన భూమిని లాక్కున్నవాడు అరవై వేల ఏళ్లు మలంలో పురుగై పుడతాడనే శ్లోకం తరచుగా కనిపిస్తుంది. కబ్జాల భయం అప్పుడూ ఉందన్నమాట.

పొద్దున్నే వెళ్లండి, ఏటవాలు ఎండలో అక్షరాలు బాగా కనిపిస్తాయి. కనపడట్లేదని సుద్దపొడి మాత్రం రుద్దకండి, రాయి పాడవుతుంది.