ఆలయాన్ని భాగాల పేర్లతో వర్ణించడం ఎలా?

పురాతన ఆలయాన్ని గురించి రాసేటప్పుడు ‘అద్భుతమైన శిల్పసంపద’ అన్న మాటతో సరిపెట్టుకోవడం పరిపాటి అయింది. ఏ గుడికైనా అతికే ఆ మాట ఏ గుడినీ కళ్లకు కట్టించదు. భాగాల పేర్లు తెలిసినవారు మాత్రం, ఆలయాన్ని ఎన్నడూ చూడని పాఠకునికి కూడా ఏ శిల్పం ఎక్కడ ఉందో చెప్పగలుగుతారు. ఇందుకు ముందుగా బయట నిలబడి కింది నుంచి పైకి చూడాలి, ఆ తరువాత వాకిలి నుంచి గర్భగృహం వైపు నడవాలి. ములుగు జిల్లా పాలంపేటలోని రామప్ప గుడిని ఉదాహరణగా తీసుకుందాం. కాకతీయ గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు 1213లో కట్టించిన ఈ ఆలయానికి 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ హోదా లభించింది.

గుడి మొత్తాన్ని మోస్తూ నక్షత్రాకారంలో పరచుకొని ఉన్న ఎత్తైన వేదిక ఉపపీఠం. దాని మీద గుడి చుట్టూ తిరిగే వీలుంది కనుక ప్రదక్షిణ పథం కూడా అదే. ఉపపీఠం మీద, గోడలకు పీటలా అమరిన భాగం అధిష్ఠానం. చాలామంది దీన్ని పునాది అని రాస్తారు, అది సరికాదు. పునాది భూమిలో ఉంటుంది. రామప్ప గుడికి అది ఇసుక నింపిన గొయ్యి. అధిష్ఠానం నేల పైన, మన కంటికి ఎదురుగా ఉంటుంది. దగ్గరికి వెళ్లి చూస్తే అది ఒకే రాతి దిమ్మ కాదనీ, అడ్డంగా సాగే పట్టీల వరుస అనీ తెలుస్తుంది. శిల్పశాస్త్రం వాటికి కింది నుంచి ఉపానం, జగతి, కుముదం, కంఠం, పట్టిక అని పేర్లు పెట్టింది. ఉబ్బెత్తుగా గుండ్రంగానో, పలకలు తీరినట్లుగానో ఉండేది కుముదం. లోపలికి నొక్కినట్లుండేది కంఠం. ఈ రెంటినీ పోల్చుకోగలిగితే మిగిలినవి వాటంతట అవే అర్థమవుతాయి.

అధిష్ఠానం పైన గోడలూ స్తంభాలూ ఉన్న భాగం పాదం. దాని మీద దూలాలు, చూరు కలిసిన భాగం ప్రస్తరం. ఆపైన గర్భగృహం మీద మెడలాంటి గ్రీవం, తలలాంటి శిఖరం, కొనన స్తూపి. రామప్ప గుడి శిల్పాల్లో అందరూ చెప్పుకునే మదనికలను పాదం, ప్రస్తరం కలిసే చోట చూడవచ్చు. బయటి స్తంభాల నుంచి ముందుకు చాచిన చూరురాళ్ల దాకా ఏటవాలుగా నిలిపిన నల్లరాతి స్త్రీమూర్తులివి. ‘గోడ మీది శిల్పాలు’ అని రాస్తే ఆ వాలూ, గాలిలో నిలిచిన ఆ తీరూ పాఠకునికి అందవు. ‘స్తంభానికీ చూరుకూ నడుమ ఏటవాలుగా నిలిచిన మదనిక’ అన్నప్పుడే అది కనిపిస్తుంది.

ఇక లోపలికి నడవాలి. తూర్పున విడిగా ఉన్నది నంది మండపం. దాన్ని దాటి మెట్లెక్కితే మూడు వైపుల వాకిళ్లున్న రంగమండపం వస్తుంది. దాని అంచున వెనుక ఆనుకొని కూర్చునేందుకు కట్టిన రాతి అరుగు కక్షాసనం. నాలుగు స్తంభాల నడుమ చోటును అంకణం అంటారు, మన పాత పెంకుటిళ్లలోనూ ఇదే మాట వాడుకలో ఉంది. రంగమండపం నడిమి అంకణానికి నాలుగు మూలలా నునుపు తేలిన నల్లరాతి స్తంభాలున్నాయి. ఆ తరువాతిది గర్భగృహానికి ముందుండే చిన్న గది, అంతరాళం; చివరిది గర్భగృహం. ద్వారానికి ఇరుపక్కల నిలువు పట్టీలను ద్వారశాఖలనీ, పైకమ్మి నడుమ చెక్కిన చిన్న మూర్తిని లలాటబింబమనీ, వెలుతురు వచ్చేలా తొలిచిన రాతి పలకను జాలకమనీ రాయాలి.

అన్నిటికన్నా ఎక్కువగా తడబడేది గోపురం, విమానం అన్న మాటల దగ్గరే. గర్భగృహం మీద లేచేది విమానం; ప్రాకార ద్వారం మీద లేచేది గోపురం. తిరుమలలో చాలామంది బంగారు గోపురం అని చేతులు జోడించేది నిజానికి ఆనందనిలయ విమానానికే. మాటల్లో ఎలా అన్నా, రాతలో ఈ తేడా పాటించాలి. దక్షిణాది ఆలయాల్లో పోల్చుకోవడానికి ఒక గుర్తుంది: గోపురం కొన అడ్డంగా పొడుగ్గా ఉండి, దాని మీద కలశాలు వరుసగా ఉంటాయి, విమానం మీద సాధారణంగా ఒకే కలశం ఉంటుంది. ఎత్తును మాత్రం నమ్ముకోకూడదు. శ్రీకాళహస్తిలో 1516లో కృష్ణదేవరాయలు కట్టించి, 2010లో కూలిపోయిన గోపురం ఎంతో ఎత్తైనదే కానీ, తంజావూరు బృహదీశ్వరాలయంలో విమానమే గోపురాలను మించి నిలుస్తుంది. రామప్ప గుడిలో గర్భగృహం మీద ఉన్నది విమానం. నీటిలో తేలేంత తేలికైన ఇటుకలతో కట్టినది అదే.

ఈ పేర్లను గోల్కొండ దగ్గరి కుతుబ్‌షాహీ సమాధులకు వాడకూడదు. వాటికి కమాను, మినారు, గుమ్మటం, గచ్చుపని అన్న మాటలు మన వాడుకలోనే ఉన్నాయి. అక్కడి గుమ్మటం మొదట్లో చుట్టూ తీర్చిన తామర రేకులను శిఖరం అనో, పట్టిక అనో అనకుండా రేకుల వరుస అని రాస్తే చాలు.